‘ఫైలు కనబడలేదు’ – ఒక వాక్యముపై విమర్శ

విండోస్ పద్ధతిపై నడచు కంప్యూటరులో క్రొత్తగా తెచ్చిన ప్రోగ్రామును తెరవబోవునపుడు ఒక్కొక్కసారి ప్రోగ్రాము రాదు. దానికి బదులు ఒక చిన్న పెట్టె తెరపైకి వచ్చును. అందులోని ఇంగ్లీషు మాటలకు తాత్పర్యమిది: ‘ఎం.ఎస్.వి.సి.పి. 140 డి.ఎల్.ఎల్. అను ఫైలు మీ కంప్యూటరులో లేదు. కావున ఈ ప్రోగ్రాము ప్రారంభము కాజాలదు. ప్రోగ్రామును మరల ఇన్‌స్టాల్ చేసి చూడుడు.’ పెట్టె అడుగున ‘సరే’ అను మీట ఒక్కటే ఉండును. చదువరి ‘సరే’ అనుట తప్ప చేయగలిగినది లేదు.

ఉన్నత పాఠశాలలోని కంప్యూటరు గదిలో ఈ వాక్యము చేయు నష్టము చిన్నది కాదు. పీరియడులో సగము దీనితోనే గడచిపోవచ్చును. అంతకంటె పెద్ద నష్టము మరియొకటి కలదు. ఈ వాక్యమును చదివిన విద్యార్థి ఆ ఫైలు పేరును ఇంటర్నెట్టులో వెదకి, ఎవరో తెలియనివారు ఉంచిన ఫైలును తెచ్చి, బడి కంప్యూటరులోని సిస్టమ్ ఫోల్డరులో పెట్టును. ఒక వాక్యము చదువరిని ఇట్టి పనికి పురికొల్పునట్టిదైనచో, పాఠ్యపుస్తకములోని నిర్వచనమును పరీక్షించునట్లే దానిని పరీక్షింపవలెను. అది సత్యమా? సంపూర్ణమా? చదువరిని సరియైన పనికి నడిపించునా?

ఉమ్మడి ఫైలు అనగా నేమి?

వాక్యమును విమర్శించుటకు ముందు అది చెప్పు విషయమును తెలిసికొనవలెను. గణితము చదివినవారికి లాగరిథమ్ పట్టికలు పరిచితములే. త్రికోణమితి పుస్తకము వ్రాసినవాడు ప్రతి అధ్యాయములోను ఆ పట్టికలను అచ్చువేయడు; ‘పట్టిక చూడుము’ అని వ్రాసి సాగిపోవును. భౌతికశాస్త్ర పుస్తకమునకు, రసాయనశాస్త్ర పుస్తకమునకు కూడ అదే పట్టిక పనికివచ్చును. దీనివలన మూడు లాభములు కలవు. కాగితము మిగులును. పట్టికలో ఒక అంకె తప్పు పడినచో ఒక్కచోట దిద్దిన చాలును. పుస్తకకర్త తన విషయముపైననే దృష్టి నిలుపగలడు. నష్టము మాత్ర మొక్కటి కలదు: లెక్క చేయువేళకు పట్టిక చేతిలో లేనిచో, పుస్తకమంతయు ఎదుట ఉన్నను లెక్క ముందుకు సాగదు.

కంప్యూటరు ప్రోగ్రాముల సంగతియు నిట్టిదే. తెరపై అక్షరములు కూర్చుట, వర్గమూలము తీయుట, ఫైలు తెరచి చదువుట, సందేశమును రహస్యలిపిలోనికి మార్చుట – ఇవి వేలకొలది ప్రోగ్రాములకు అవసరమగు పనులు. ఈ పనులకు కావలసిన సూచనలను ఒకచోట చేర్చి ఒక ఫైలుగా ఉంచుదురు. దానినే లైబ్రరీ అందురు. విండోస్‌లో ఇట్టి ఫైళ్ళ పేర్లు సాధారణముగా ‘డి.ఎల్.ఎల్.’ అనియు, లినక్సులో ‘ఎస్.ఓ.’ అనియు, మాక్ కంప్యూటర్లలో ‘డైలిబ్’ అనియు ముగియును. ప్రోగ్రాములో ఆ సూచనలు ఉండవు. వాటిని గల ఫైళ్ళ పేర్లు మాత్రమే ఉండును.

ప్రోగ్రామును తెరచినపుడు మొదట పనిచేయునది ఆ ప్రోగ్రాము కాదు. ఆపరేటింగు సిస్టములోని ‘లోడరు’ అను భాగము ముందుగా ఆ పేర్ల పట్టీని చదువును. నియమితమైన కొన్ని చోట్ల ఆ ఫైళ్ళను వెదకును. దొరకినవాటిని మెమరీలోనికి తెచ్చి ప్రోగ్రాముతో ముడివేయును. పట్టీలో ఒక్కటి దొరకకున్నను ప్రోగ్రాము మొదటి అడుగైనను వేయదు. కావున తెరపైకి వచ్చిన ఆ వాక్యము ప్రోగ్రాము వ్రాసినవాని మాట కాదు. ప్రోగ్రామును గురించి ఏమియు ఎరుగని లోడరు మాట. ఈ సంగతి గుర్తుంచుకొన్నచో వాక్యములోని లోపములు చాలవరకు అర్థమగును.

బీరువాలోని టేపులనుండి ఉమ్మడి ఫైలు వరకు

లైబ్రరీ అను మాట ఇచట వట్టి ఉపమానము కాదు. కేంబ్రిడ్జి విశ్వవిద్యాలయములో మారిస్ విల్క్స్ నాయకత్వమున నిర్మించిన ఎడ్సాక్ యంత్రము 1949 మే 6న మొదటి లెక్క చేసెను. ఆ యంత్రమునకు తరచుగా కావలసిన గణనపద్ధతులను రంధ్రములు పొడిచిన కాగితపు టేపులపై వ్రాసి, బీరువాలో పుస్తకములవలె అమర్చియుంచిరి. విల్క్స్, డేవిడ్ వీలర్, స్టాన్లీ గిల్ అను మువ్వురు 1951లో ఈ పద్ధతిని వివరించుచు ఒక గ్రంథమును ప్రకటించిరి. క్రొత్త లెక్క చేయదలచినవాడు బీరువానుండి టేపు తీసి, దానిలోని రంధ్రములను తన టేపుమీదికి నకలు చేసికొనెడివాడు.

ఈ నకలు పద్ధతిలో ఫైలు కనబడకపోవుట అను బాధ లేదు. కావలసినదంతయు ప్రోగ్రాములోనే ఉండును. కాని బీరువాలోని టేపులో తప్పు బయటపడి దిద్దినచో, అంతకుముందే నకలు చేసికొన్నవారి టేపులలో ఆ తప్పు అట్లే నిలిచియుండును. 1960 తరువాతి దశకములో అమెరికాలో రూపొందిన మల్టిక్స్ సిస్టములో, నకలు చేయక, ప్రోగ్రాము నడచునపుడే లైబ్రరీతో ముడివేయు పద్ధతి అమలులోనికి వచ్చెను. 1985 నవంబరులో వెలువడిన మొదటి విండోస్ డి.ఎల్.ఎల్. పద్ధతిని ఆశ్రయించెను. ఆ విండోస్ నడచుటకు 256 కిలోబైట్ల మెమరీ చాలునని చెప్పబడినది. నేటి సెల్‌ఫోను తీయు ఒక్క ఛాయాచిత్రమే సామాన్యముగా అంతకు ఎన్నో రెట్లుండును. అంత ఇరుకులో ప్రతి ప్రోగ్రాము తన నకలు తాను మోయుట సాధ్యము కాదు. కావున ఉమ్మడి ఫైలు ఆనాడు అవసరమువలన పుట్టినదని చెప్పవలెను.

తెలుగు అక్షరము చెప్పు సాక్ష్యము

మెమరీ చౌకయైన ఈ కాలములో ఉమ్మడి ఫైళ్ళు ఇంక ఎందులకు అని కొందరు ప్రశ్నింతురు. దీనికి సమాధానము తెలుగు లిపిలోనే కలదు. ‘స్త్రీ’ అను అక్షరము కంటికి ఒక్కటి. కంప్యూటరులో అది స, పొల్లు, త, పొల్లు, ర, ఈ-కార చిహ్నము అను ఆరు సంకేతముల వరుస. ఆరింటిని కలిపి, ఏ ఒత్తు ఎచట కూర్చుండవలెనో, గుడి ఎచట నిలువవలెనో నిర్ణయించుట తేలిక పని కాదు. ప్రతి ప్రోగ్రాము వ్రాయువాడును ఈ పని తానే చేయవలసివచ్చినచో, తెలుగు లిపిని ఎరుగని దేశములలో తయారైన ప్రోగ్రాములలో తెలుగు ఎన్నటికిని సరిగా కనబడదు. విండోస్‌లో ఈ భారమును ‘యూనిస్క్రైబ్’ అను ఉమ్మడి లైబ్రరీ వహించెను. దాని ఫైలు పేరు ‘యు.ఎస్.పి. 10 డి.ఎల్.ఎల్.’ 2001లో వెలువడిన విండోస్ ఎక్స్.పి. గౌతమి అను అక్షరరూపముతో సహా తెలుగును ప్రదర్శించెను. లినక్సు ప్రోగ్రాములలో పెక్కింటికి ఈ పని ‘హార్ఫ్‌బజ్’ అను లైబ్రరీ చేయుచున్నది. ఒక్క ఫైలు తెలుగు నేర్చిన, దానిపై ఆధారపడిన ప్రోగ్రాములన్నియు తెలుగు నేర్చినట్లే.

ఈ నాణెమునకు రెండవ వైపు 2018 ఫిబ్రవరిలో కనబడెను. ఆపిల్ సంస్థవారి ఐఫోనులలో ‘జ్ఞ’ అను సంయుక్తాక్షరమునకును, దాని దీర్ఘమునకును నడుమ కంటికి కానరాని ఒక విభజక సంకేతము పడినచో, ఆ అక్షరమును చూపబోయిన ప్రోగ్రాము కుప్పకూలెడిది. సందేశములు చూపు ప్రోగ్రామని, ఉత్తరములు చూపు ప్రోగ్రామని భేదము లేదు. వేరువేరు సంస్థలవారు వ్రాసిన ప్రోగ్రాములన్నియు ఒకే అక్షరము వద్ద ఏల పడిపోయెను? అక్షరములు కూర్చు పనికి అవన్నియు ‘కోర్‌టెక్స్ట్’ అను ఒకే ఉమ్మడి లైబ్రరీని ఆశ్రయించియుండుటచేత. ఫిబ్రవరి 19న ఆపిల్‌వారు 11.2.6 అను సవరించిన కూర్పును విడుదల చేసిరి. సందేశ ప్రోగ్రాములను, ఉత్తరముల ప్రోగ్రాములను ఒక్కొక్కదానినే దిద్దవలసిన పని లేకపోయెను. ఉమ్మడి ఫైలులో తప్పు ఉన్నచో అందరును పడుదురు. అచట తప్పు దిద్దినచో అందరును లేతురు. ఉమ్మడి పద్ధతి గుణదోషములు రెండును ఈ ఒక్క ఉదాహరణములో ఇమిడియున్నవి.

కూర్పుల కలహము

లాగరిథమ్ పట్టికలలో నాలుగంకెలవి కలవు, ఏడంకెలవి కలవు. ఏడంకెల పట్టికను ఉద్దేశించి వ్రాసిన లెక్కకు నాలుగంకెల పట్టిక నిచ్చినచో జవాబు కుదరదు. ఉమ్మడి ఫైళ్ళకును ఇట్లే కూర్పులు కలవు. 1990 తరువాతి దశకములో విండోస్ ప్రోగ్రాములను స్థాపించునపుడు అవి తమ వెంట తెచ్చిన ఉమ్మడి ఫైలును సిస్టమ్ ఫోల్డరులో పాతదానిపై పరచివేయుట పరిపాటియై ఉండెను. సోమవారము తెచ్చిన ప్రోగ్రామువలన ఆదివారమువరకు చక్కగా నడచిన ప్రోగ్రాము చెడిపోయెడిది. ప్రోగ్రామర్లు ఈ దుస్థితికి ‘డి.ఎల్.ఎల్. నరకము’ అని పేరు పెట్టుకొనిరి.

దీనికి చేసిన చికిత్సలు క్రమముగా వచ్చినవి. విండోస్ 2000 తన సొంత ఫైళ్ళపై ఇతరులు పరచకుండ కాపలా పెట్టెను. విండోస్ ఎక్స్.పి. ఒకే ఫైలుయొక్క పెక్కు కూర్పులను ప్రక్కప్రక్కన ఉంచు పద్ధతిని తెచ్చెను. ఈ చికిత్సలు కలహమును తగ్గించెను. కాని క్రొత్త చిక్కును తెచ్చెను. ఏ ప్రోగ్రామునకు ఏ కూర్పు కావలెనో చెప్పు పత్రము ఒకటి ఆవశ్యకమయ్యెను. ఆ పత్రమునకు, ఉన్న ఫైలునకు పొత్తు కుదరనపుడు ఇంకొక అర్థముకాని సందేశము పుట్టెను. సి-ప్లస్-ప్లస్ భాషకు చెందిన రన్‌టైమ్ లైబ్రరీ విషయములో 2010 నాటికి మైక్రోసాఫ్ట్‌వారే ఆ పద్ధతిని విడిచి, కూర్పు సంఖ్యను ఫైలు పేరులోనే చేర్చు పాత మార్గమునకు మరలిరి. మొదట చెప్పిన పేరులోని ‘140’ అట్టి సంఖ్యయే. 2015లో ఈ పేరు వచ్చెను. 2017, 2019, 2022 కూర్పులును అదే పేరును నిలుపుకొన్నవి. క్రొత్త రన్‌టైమ్ పాత ప్రోగ్రామునకు పనికివచ్చునని వారి వాగ్దానము. అయితే పాత రన్‌టైమ్ క్రొత్త ప్రోగ్రామునకు చాలకపోవచ్చును. 64 బిట్ల ప్రోగ్రాములకై 2019 కూర్పులో ‘వి.సి.రన్‌టైమ్ 140_1’ అను మరియొక ఫైలు చేరెను. పాత రన్‌టైము గల కంప్యూటరులో క్రొత్త ప్రోగ్రాము దానిని అడిగి, దొరకక, నిలిచిపోవుట ఇందుచేతనే.

లినక్సు పద్ధతి ఈ విషయములో మొదటినుండియు ఎక్కువ స్పష్టమైనది. పొత్తు చెడునట్టి మార్పు వచ్చినపుడు ఫైలు పేరు చివరనున్న సంఖ్యను మార్చుదురు. ఓపెన్ ఎస్.ఎస్.ఎల్. అను రహస్యలిపి లైబ్రరీ ఇందుకు మంచి ఉదాహరణము. దాని 1.1 కూర్పు ఫైలు వేరు, 3 కూర్పు ఫైలు వేరు. 2022 ఏప్రిలులో వెలువడిన ఉబుంటు 22.04 క్రొత్తదానిని మాత్రమే తెచ్చెను. పాతదానికై వ్రాసిన ప్రోగ్రాములు ‘లిబ్ ఎస్.ఎస్.ఎల్. డాట్ ఎస్.ఓ. డాట్ 1.1 కనబడలేదు’ అని నిలిచిపోయెను. ఇచట సందేశము రావుట దోషము కాదు, గుణమే. కుదరని కూర్పుతో ప్రోగ్రామును నడిపి తప్పు జవాబిచ్చుటకంటె నడుపకుండుటయే మేలు.

వాక్య విచారణ

ఇక వాక్యమును తూచవలెను. దానికొక గుణము కలదు: కావలసిన ఫైలు పేరును చెప్పును. వైద్యుడు రోగము పేరు చెప్పినట్లు కాకున్నను, నొప్పి ఎచటనో చెప్పినట్లే. ఆ పేరు లేనిచో ఏ పరిశోధనకును ఆధారము లేదు.

మొదటి దోషము సత్యమునకు సంబంధించినది. ‘మీ కంప్యూటరులో లేదు’ అని వాక్యము చెప్పుచున్నది. లోడరు కంప్యూటరంతయు వెదకలేదు. సామాన్యముగా అది ప్రోగ్రాము ఉన్న ఫోల్డరును, సిస్టమ్ ఫోల్డరును, విండోస్ ఫోల్డరును, అప్పటికి పనిచేయుచున్న ఫోల్డరును, ‘పాత్’ అను జాబితాలోని ఫోల్డర్లను మాత్రమే చూచును. ఆ ఫైలు మరియొక ఫోల్డరులో భద్రముగా ఉండవచ్చును. విండోస్ 10 కాలమునకు ఈ మాటను ‘కనబడలేదు’ అని మార్చిరి. లేకపోవుట వేరు, కనబడకపోవుట వేరు. శాస్త్రవిద్యార్థికి ఈ భేదము ముఖ్యము. మార్పు మెచ్చదగినది. కాని ఎచటెచట వెదకిరో ఇప్పటికిని ఆ పెట్టెలో చెప్పరు.

రెండవ దోషము సంపూర్ణతకు సంబంధించినది. ఆ ఫైలు ఎవరిది? ప్రోగ్రాము వ్రాసినవారిదా, విండోస్‌దా, రన్‌టైమ్ ప్యాకేజీదా? లేని ఫైలు తన్ను తాను పరిచయము చేసికొనజాలదు గనుక లోడరును పూర్తిగా తప్పుపట్టుట న్యాయము కాదు. అయినను రన్‌టైమ్ ఫైళ్ళను తయారు చేసినదియు, లోడరును తయారు చేసినదియు ఒకే సంస్థ. తన సొంత ఫైళ్ళ పేర్లనైనను గుర్తించి ‘ఇది ఫలానా ప్యాకేజీలోనిది’ అని చెప్పుట ఆ సంస్థకు కష్టము కాదు.

మూడవ దోషము సలహాకు సంబంధించినది. ‘ప్రోగ్రామును మరల ఇన్‌స్టాల్ చేయుడు’ అను మాట కొన్నిసార్లు మాత్రమే ఫలించును. ప్రోగ్రాము తనతో రన్‌టైమ్ ప్యాకేజీని తెచ్చుకొననిదైనచో పదిసార్లు స్థాపించినను పదిసార్లు అదే వాక్యము వచ్చును. సలహా విఫలమైన చదువరికి రెండవ దారి చూపరు గనుక అతడు కనబడిన దారిని పట్టును. అదియే ఇంటర్నెట్టులోని తెలియని ఫైలు.

నాలుగవ దోషము మౌనము. ఫైలు ఉండియు రకము వేరైనపుడు, అనగా 64 బిట్ల ప్రోగ్రామునకు 32 బిట్ల ఫైలు దొరకినపుడు, పేరైనను చెప్పక ‘సి’తో మొదలై ‘7బి’తో ముగియు ఒక సంఖ్యను చూపి ఊరకుందురు. ప్రోగ్రాము నడుమ తెరవబడు అనుబంధ ఫైళ్ళ విషయము ఇంకను వింతయైనది. పిలిచిన ఫైలు అచటనే ఉండి, అది ఆధారపడిన మరియొక ఫైలు లేనపుడు, ‘పేర్కొన్న మాడ్యూల్ కనబడలేదు’ అను 126వ సంఖ్య దోషము వచ్చును. ఎదుట కనబడుచున్న ఫైలును చూచి విద్యార్థి కంప్యూటరు అబద్ధమాడుచున్నదని భ్రమపడును.

చేయరాని చికిత్సలు

విడి డి.ఎల్.ఎల్. ఫైలును తెలియని చోటునుండి తెచ్చుట మొదటి తప్పు. ఉమ్మడి ఫైలులోని సూచనలు దానిని పిలిచిన ప్రోగ్రామునకు గల అధికారములన్నిటితోను నడచును. దానిని సిస్టమ్ ఫోల్డరులో పెట్టినచో ఒక ప్రోగ్రామునకు కాక పెక్కింటికి దానిని అందించినట్లగును. అందులో దురుద్దేశము లేకున్నను కూర్పు, రకము కుదరక పోవచ్చును. పైగా ఏ ప్యాకేజీకిని చెందని ఆ విడిఫైలును తరువాతి కాలమున దిద్దువారు లేరు. ఇరుగుపొరుగువారి కంప్యూటరునుండి తెచ్చిన ఫైలునకును ఈ చివరి దోషము తప్పదు.

64 బిట్ల విండోస్‌లో ఇంకొక వింత కలదు. ‘సిస్టమ్ 32’ అను ఫోల్డరులో ఉండునవి 64 బిట్ల ఫైళ్ళు. 32 బిట్ల ఫైళ్ళు ఉండునది ‘సిస్ వావ్ 64’ అను ఫోల్డరు. పాత ప్రోగ్రాములు చెడకుండుటకై పాత పేరును నిలుపుటచేత ఇట్లు జరిగినది. పేరును నమ్మి ఫైలును పెట్టువాడు తప్పక పొరపడును.

‘రెజ్‌సర్వర్ 32’ అను ఆజ్ఞ నిచ్చిన సరిపోవునని చెప్పుట రెండవ తప్పు. ఆ ఆజ్ఞ ఉన్న ఫైలును విండోస్ పట్టీలో నమోదు చేయించునే గాని లేని ఫైలును తేలేదు. రన్‌టైమ్ ఫైళ్ళలో అట్టి నమోదు సూచనలే ఉండవు. లినక్సులో 3వ కూర్పు ఫైలునకు 1.1 అను మారుపేరు పెట్టుట మూడవ తప్పు. నాలుగంకెల పట్టికకు ఏడంకెల పట్టిక అట్ట వేసినంత మాత్రమున లోపలి అంకెలు పెరుగవు.

చేయదగిన చికిత్స

సరియైన మార్గము ఫైలు పేరుతో మొదలు కావలెను. పేరు ‘ఎం.ఎస్.వి.సి.పి.’ లేక ‘వి.సి.రన్‌టైమ్’ అని మొదలై 140 సంఖ్య గలదైనచో, మైక్రోసాఫ్ట్‌వారు ఉచితముగా ఇచ్చు విజువల్ సి-ప్లస్-ప్లస్ రన్‌టైమ్ ప్యాకేజీని వారి చోటునుండియే తెచ్చి స్థాపింపవలెను. 64 బిట్ల కంప్యూటరైనను 32 బిట్ల ప్రోగ్రాములు నడచును గనుక ప్యాకేజీలు రెండును ఉండుట మేలు. పేరు ‘డి 3 డి ఎక్స్ 9’ అని మొదలగునదైనచో అది చిత్రలేఖనమునకు సంబంధించిన పాత డైరెక్ట్ ఎక్స్ లైబ్రరీ; 2010 జూన్ నాటి ప్యాకేజీ దానిని తెచ్చును. పేరు ప్రోగ్రామునకే చెందినట్లున్నచో ఆ వాక్యము ఇచ్చు సలహాయే సరియైనది: ప్రోగ్రామును దాని కర్తలనుండి తెచ్చి మరల స్థాపింపవలెను. అంతకుముందు వైరసు నిరోధక ప్రోగ్రాము ఆ ఫైలును నిర్బంధించెనేమో చూడవలెను. విండోస్ సొంత ఫైలే చెడినదని తోచినచో, నిర్వాహకుని అధికారముతో ‘ఎస్.ఎఫ్.సి. స్కాన్‌నౌ’ అను ఆజ్ఞ నిచ్చినచో విండోస్ తన ఫైళ్ళను తానే సరిచూచుకొనును.

లినక్సులో ‘ఎల్.డి.డి.’ అను ఆజ్ఞ ప్రోగ్రామునకు కావలసిన లైబ్రరీల పట్టీని, ప్రతిదియు ఎచట దొరకెనో దానిని, దొరకనివాటి ఎదుట ‘కనబడలేదు’ అను మాటను చూపును. పైన విండోస్ వాక్యములో లేవన్న సమాచారములలో ముఖ్యమైనవి ఈ పట్టీలో కలవు. నమ్మదగని ప్రోగ్రాములపై మాత్రము దీనిని ప్రయోగింపరాదు. కొన్ని సందర్భములలో ప్రోగ్రామే నడచు ప్రమాదము కలదు. ఫైలు ఏ ప్యాకేజీలోనిదో కనుగొని, ఆ ప్యాకేజీని స్థాపింపవలెను. ఫైలు ఉండియు దొరకనపుడు, అది ఉన్న ఫోల్డరును లోడరు జాబితాలో చేర్చి ‘ఎల్.డి. కాన్ఫిగ్’ అను ఆజ్ఞ నిచ్చిన చాలును.

ఉమ్మడి మానుటయే మేలా?

ఇంత బాధ ఎందులకు, ప్రతి ప్రోగ్రామును తనకు కావలసినదంతయు తనలోనే మోసికొని రావచ్చును గదా అను వాదము నేడు బలముగా ఉన్నది. 2009లో వెలువడిన గో భాషలో వ్రాసిన ప్రోగ్రాములు సాధారణముగా ఇట్లే తయారగును. ఇది ఎడ్సాక్ నాటి నకలు పద్ధతికి మరలుటయే. మెమరీ చౌకయైనందున స్థలము విషయములో దీనికి ఆక్షేపణ లేదు.

ఆక్షేపణ దిద్దుబాటు విషయములో కలదు. 2014 ఏప్రిల్ 7న ఓపెన్ ఎస్.ఎస్.ఎల్. లైబ్రరీలో ‘హార్ట్‌బ్లీడ్’ అను దోషము బయటపడెను. దానివలన సర్వరు మెమరీలోని రహస్యములు బయటివారికి చిక్కునట్లుండెను. సవరించిన కూర్పు ఆనాడే వెలువడెను. ఆ లైబ్రరీని ఉమ్మడిగా వాడు కంప్యూటరులో ఆ ఒక్క లైబ్రరీని మార్చి, దానిని వాడు ప్రోగ్రాములను మరల ప్రారంభించిన చాలును. తనలోనే నకలు చేసికొన్న ప్రోగ్రామును మాత్రము దాని కర్త మరల తయారు చేసి ఇచ్చువరకు వేచియుండవలెను. ఆ ప్రోగ్రాములో ఆ నకలు ఉన్నదని వాడువానికి తెలియు మార్గమే సులభముగా లేదు.

అట్లని ఉమ్మడి పద్ధతిని గ్రుడ్డిగా మెచ్చుటయు తగదు. 2024 మార్చి 29న ఆండ్రెస్ ఫ్రాయిండ్ అను ప్రోగ్రామరు ఒక సంగతిని లోకమునకు తెలియజేసెను. ఎక్స్.జెడ్. అను ఫైళ్ళను కుదించు లైబ్రరీయొక్క 5.6.0, 5.6.1 కూర్పులలో ఎవరో రహస్యద్వారము అమర్చియుండిరి. దూరపు కంప్యూటరులో ప్రవేశించుటకు మామూలుకంటె అరసెకను ఎక్కువ పట్టుట చూచి, కారణము వెదకి అతడు దీనిని పట్టుకొనెను. ఆ ప్రవేశద్వారమును కాచు ప్రోగ్రాము స్వయముగా ఆ లైబ్రరీని కోరలేదు. కొన్ని లినక్సు పంపిణీలలో అది మరియొక లైబ్రరీని కోరెను. ఆ లైబ్రరీ దీనిని వెంటతెచ్చెను. ఉమ్మడి ఫైలును ఎవరు పోషించుచున్నారో, దాని వెనుక ఎన్ని ఫైళ్ళున్నవో తెలియనిచోట ఉమ్మడి పద్ధతియే ప్రమాదమునకు మార్గమగును.

కావున నిర్ణయము ఒకే మాటలో చెప్పదగినది కాదు. అక్షరములు కూర్చుట, రహస్యలిపి వంటి, పలువురికి కావలసి, తప్పులు దిద్దుచుండవలసిన పనులకు ఉమ్మడి ఫైలే తగినది; అది తెలిసిన చేతులలో, స్పష్టమైన కూర్పు సంఖ్యతో ఉండవలెను. ఒక్క ప్రోగ్రామునకే పనికివచ్చు ఫైలు ఆ ప్రోగ్రాము ఫోల్డరులోనే ఉండుట మేలు. సందేశమునకు వచ్చినచో, ఏ ఫైలు, ఏ రకము, ఎచటెచట వెదకబడినది, దానిని కోరినదెవరు అను నాలుగు సంగతులను చెప్పనంతవరకు అది అసంపూర్ణమే. వీటిలో కడపటి మూడును లోడరుకు తెలిసినవే గాని క్రొత్తగా కనుగొనవలసినవి కావు.

తరగతిలో చేయదగిన పరీక్ష

వాక్యములోని మొదటి దోషమును విద్యార్థులు స్వయముగా చూడవచ్చును. ఉచితముగా లభించు వి.ఎల్.సి. ప్లేయరువలె తన డి.ఎల్.ఎల్. ఫైళ్ళను తన ఫోల్డరులోనే ఉంచుకొను ప్రోగ్రామును ఎన్నుకొని, ఆ ఫోల్డరంతయు వేరొకచోటికి నకలు చేయవలెను. పరీక్ష ఆ నకలులోనే జరుగవలెను. సిస్టమ్ ఫోల్డరును తాకరాదు. నకలు ఫోల్డరులోని ‘లిబ్ వి.ఎల్.సి.’ అను డి.ఎల్.ఎల్. ఫైలును విద్యార్థి తన పత్రములుంచు ఫోల్డరులోనికి మార్చి, నకలు ప్రోగ్రామును తెరవవలెను. ఫైలు కనబడలేదని పెట్టె వచ్చును. ఆ ఫైలు కంప్యూటరులో లేదా అని ఉపాధ్యాయుడు అడుగవలెను. ఎచట వెదకియుందురో విద్యార్థులచేతనే వ్రాయింపవలెను. పిదప ఫైలును ముందున్న చోటికి చేర్చి ప్రోగ్రామును మరల తెరచినచో అది నడచును. ఒక పీరియడులో ముగియు ఈ పరీక్షకు రెండు కాగితములు చాలును: సందేశము చెప్పిన మాట ఒకదానిపై, విద్యార్థి కనుగొన్న సంగతి రెండవదానిపై.